‘బేసమె మూచో’ చెవిలోంచి ఎందుకు పోదు: ఒక బొలెరోను విప్పి చూస్తే

మీ ప్రశ్న క్లుప్తంగా ఇదీ: రెండేళ్లుగా కీబోర్డు నేర్చుకుంటున్నారు. ఒక కేఫ్‌లో ‘బేసమె మూచో’ విన్నారు. స్పానిష్ ఒక్క ముక్క రాదు, అయినా వారం రోజులుగా ఆ పాట చెవిలోంచి పోవడం లేదు. కార్డ్స్ వెతికితే నాలుగైదే ఉన్నాయి, చాలా తేలిక. కానీ మీరు వాయిస్తే ఆ పాటలా అనిపించడం లేదు. “ఇందులో ఏముంది? బొలెరో అంటే ఏ తాళం? నేనేం తప్పు చేస్తున్నాను?” అని అడిగారు.

నేను ఇరవై ఏళ్లకు పైగా హోటళ్లలో, పెళ్లి రిసెప్షన్లలో, కొన్నాళ్లు విహార నౌకల మీద గిటార్ వాయించి బతికినవాణ్ని. ఈ పాటను ఎన్నిసార్లు వాయించానో లెక్క లేదు. మొదటి రెండేళ్లు తప్పుగా వాయించానని మాత్రం బాగా గుర్తుంది. కాబట్టి మీ బాధ నాకు తెలుసు.

ముందు పేరు సంగతి తేల్చేద్దాం. మన దగ్గర బొలెరో అంటే బండి. ఇంటర్నెట్‌లో ఆ పేరు కొడితే మీకు మైలేజీ, సెకండ్ హ్యాండ్ రేట్లు వస్తాయి. సంగీతం చదువుకున్నవాళ్లను అడిగితే ఫ్రెంచ్ స్వరకర్త రవేల్ 1928లో రాసిన ‘బొలెరో’ గురించి చెబుతారు. అది ఒకే వరసను పావుగంట పాటు పెంచుకుంటూ పోయే ఆర్కెస్ట్రా రచన. దానికి ఆధారం స్పెయిన్ దేశపు పాత నాట్యం, మూడు దెబ్బల నడక. మీరు విన్నది దానికి పేరులో మాత్రమే చుట్టం. లాటిన్ అమెరికా బొలెరో అంటే నెమ్మదిగా సాగే ప్రేమ పాట. అది క్యూబాలో పుట్టింది, రెండు లేదా నాలుగు దెబ్బల్లో నడుస్తుంది. మూడు దెబ్బల్లో వాయించి “బొలెరో వచ్చేసింది” అనుకునేవాళ్లను చాలామందిని చూశాను. మీరు ఆ గుంటలో పడకండి.

పుట్టుక క్యూబా తూర్పు కొసన ఉన్న సాంతియాగో నగరంలో. పేపే సాంచెస్ అని ఒక దర్జీ ఉండేవాడు. సంగీతం బడిలో నేర్చుకున్నవాడు కాదు, స్వరాలు కాగితం మీద రాయడం రాదు, పాటలన్నీ తలలోనే పెట్టుకునేవాడు. 1880లలో అతను కట్టిన ‘త్రిస్తేసాస్’ అనే పాటను మొదటి బొలెరోగా చెప్పుకుంటారు. ఆ పేరుకు అర్థం ‘దుఃఖాలు’. మొదలే దుఃఖాలతో, గమనించండి. గిటార్లు భుజాన వేసుకుని వీధుల్లో, కిటికీల కింద పాడే త్రోవదోర్‌ల మధ్య ఆ పద్ధతి పెరిగింది.

ఆ తొలి బొలెరోల గుండెకాయ ‘సింకీయో’ అనే లయ. హైతీ తిరుగుబాటు కాలంలో అక్కణ్నుంచి తూర్పు క్యూబాకు వచ్చిన జనంతో పాటు ఇది కూడా వచ్చిందని చరిత్రకారులు చెబుతారు. ఎనిమిది మాత్రల్లో ఐదు దెబ్బలు: రెండు, ఒకటి, రెండు, ఒకటి, రెండు. పాశ్చాత్య స్వరలిపిలో చూస్తే బెదురు పుడుతుంది గానీ తెలుగు ఛందస్సు తెలిసినవాళ్లకు ఇది పెద్ద కష్టం కాదు. గురువు, లఘువు, గురువు, లఘువు, గురువు. “రామచంద్రుడా” అని అనండి. రా, మ, చం, ద్రు, డా. అంతే, సింకీయో మీ నోట్లో ఉంది. బల్ల మీద ఎనిమిది సమానమైన దెబ్బలు వేస్తూ పైన “రామచంద్రుడా” అని వరసగా పది సార్లు అనండి. అయిదోసారికి నడుము కాస్త కదలకపోతే నన్ను అడగండి.

అయితే చిక్కేమిటంటే, స్పానిష్ మాటల ఊనిక ఎప్పుడూ ఆ ఐదు దెబ్బల మీదే పడదు. పాత బొలెరోల్లో మాటల్ని ఆ మూసలోకి ఇరికించేవాళ్లు. పాట బయటి దేశాలకు వెళ్లేకొద్దీ ఆ బిగి వదులైంది. క్యూబా నుంచి సముద్రం దాటితే ఎదురుగా మెక్సికోలోని యుకతాన్ తీరం. అక్కడి గాయకులు దీన్ని సొంతం చేసుకున్నారు. తర్వాత 1930లో మెక్సికో సిటీలో ఎక్స్ఈడబ్ల్యూ రేడియో మొదలైంది. దాని ప్రసారాలు దేశం అంచులు దాటి చాలా దూరం వినిపించేవి. వేశ్యాగృహాల్లో పియానో వాయించి పైకొచ్చిన అగస్టిన్ లారా ఆ రేడియోలో కూర్చుని బొలెరోను ఇంటింటి పాట చేశాడు. గిటార్ చోటులోకి పియానో వచ్చింది. వీధిలో గొంతెత్తి పాడే పాట కాస్తా మైకు ముందు గుసగుసగా చెప్పే పాట అయింది. ఇది చిన్న మార్పు కాదు. మైకు లేకపోతే ఈ రోజు మనం బొలెరో అనుకునే గొంతే లేదు.

ఇప్పుడు మీ అసలు తప్పు దగ్గరికి వస్తాను. అది నా తప్పు కూడా.

నౌకలో వాయించే రోజుల్లో మా బ్యాండులో బేస్ వాయించే క్యూబన్ పెద్దాయన ఒకరు ఉండేవారు. నేను గిటార్ మీద నాలుగు దెబ్బలకూ నాలుగు స్ట్రోకులు, మధ్యలో మన సినిమా పాటల అలవాటు కొద్దీ ఇంకో రెండు, ముద్దుగా వేసేవాణ్ని. ఒక రాత్రి పాట అయ్యాక ఆయన నా పక్కన కూర్చుని నా కుడి చెయ్యి మణికట్టు పట్టుకున్నారు. తన బేస్ మీద ఒకటో దెబ్బ వేసి, నన్ను చూస్తూ ఆగారు. తర్వాత మూడు, నాలుగు. మళ్లీ ఒకటి, ఆగడం, మూడు, నాలుగు. “రెండో దెబ్బ మీద ఏముందో చెప్పు” అన్నారు వచ్చీరాని ఇంగ్లీషులో. ఏమీ లేదన్నాను. “అక్కడ ఊపిరి ఉంది. నువ్వు దాని మీద కూర్చుంటున్నావు” అన్నారు. నాకు సిగ్గేసింది, కానీ ఆ రాత్రి నేర్చుకున్నది ఏ క్లాసులోనూ నేర్చుకోలేదు.

రేడియో కాలం నుంచి స్థిరపడిన బొలెరో బేస్ నడక ఇదే: ఒకటో దెబ్బ మీద పొడుగు స్వరం, అది రెండో దెబ్బను కూడా మింగేస్తుంది, తర్వాత మూడు, నాలుగు మీద చెరో పొట్టి స్వరం. పైన మరకాస్ అనే గిలక్కాయలు గలగలమని సన్నగా, ఆగకుండా. బోంగోలు, అంటే చేత్తో వాయించే చిన్న జంట డ్రమ్ములు, ఎనిమిది సమాన దెబ్బల్లో, సుత్తితో మేకు కొట్టినంత నిలకడగా. ఆ బోంగో నడక పేరు ‘మార్తీయో’, అంటే సుత్తే. మీరు కీబోర్డు వాయిస్తున్నారు కాబట్టి ఎడమ చేతికి ఈ ఒకటి, మూడు, నాలుగు మాత్రమే ఇవ్వండి. చాలా కీబోర్డుల్లో లాటిన్ స్టైల్స్ వరుసలో బొలెరో పేరుతో ఒకటి రెండు ఉంటాయి. మొదట్లో వాటిని ఆన్ చేయకండి. అవి రెండో దెబ్బలోని ఖాళీని రకరకాల శబ్దాలతో నింపేస్తాయి, ఖాళీ ఉన్నట్టే మీకు తెలియదు.

ఆ ఖాళీ ఎందుకంత ముఖ్యం? పాడేవాళ్లు ఆలస్యంగా రావడానికి. మంచి బొలెరో గాయకుడెవరూ దెబ్బ మీద మాట వెయ్యడు. లయ తన మానాన తను పోతూనే ఉంటుంది. గొంతు ఒక అడుగు వెనక నడుస్తుంది, చెప్పాలా వద్దా అని తటపటాయిస్తున్నట్టు. తర్వాత మాటల్ని గబగబా కుదించి సమానికి కలుస్తుంది. మన కచేరీల్లో విరుత్తం పాడేటప్పుడు తాళం ఉండదు, అందుకని స్వేచ్ఛ. ఇక్కడ తాళం ఉంటుంది, అది ఆగదు, అయినా గొంతు స్వేచ్ఛగా ఉంటుంది. రెంటి మధ్యా ఉన్న ఆ ఎడమే వినేవాణ్ని లాగుతుందని నా నమ్మకం. మీరు కుడి చేత్తో మెలొడీని కచ్చితంగా దెబ్బ మీద వాయిస్తున్నారని పందెం కాస్తాను. స్వరాలు సరే, పాట రాదు.

ఇక ఈ పాట కట్టిన మనిషి. కొన్సుయేలో వెలాస్కెస్. మెక్సికోలోని జలీస్కో రాష్ట్రంలో పుట్టింది. చిన్నతనంలోనే తండ్రి పోయాడు. పియానో కచేరీలు ఇచ్చే స్థాయికి శాస్త్రీయంగా చదువుకుంది. రేడియోలో పియానో వాయించేది. పాట బయటికి వచ్చింది 1940ల మొదట్లో. అప్పటికి తనకు ముద్దంటే అనుభవం లేదని, ఊహించి రాశానని ఆమె తర్వాత చాలాసార్లు నవ్వుతూ చెప్పింది. నాకైతే ఆ మాట పాటలోనే కనిపిస్తుంది. అనుభవం ఉన్నవాళ్లు ముద్దును వర్ణిస్తారు. ఈ పాటలో ముద్దు ఎలా ఉంటుందో ఒక్క ముక్క లేదు. అడగడం ఉంది, భయం ఉంది, అంతే. ఆమె 2005 జనవరిలో మెక్సికో సిటీలో కన్నుమూసింది. ‘వెర్దాద్ అమార్గా’ లాంటి మంచి బొలెరోలు ఇంకా ఉన్నా, జనం ఆమెను ఈ ఒక్క పాటతోనే గుర్తు పెట్టుకున్నారు.

ఈ మెలొడీకి ఒక పూర్వీకుడున్నాడు, అదీ చెప్పాలి. స్పెయిన్ స్వరకర్త గ్రనాదోస్ 1911లో ‘గోయేస్కాస్’ అనే పియానో రచనలు ఇచ్చాడు. అందులో ఒక అమ్మాయి రాత్రిపూట కోకిల లాంటి పిట్టతో తన దిగులు చెప్పుకునే ఖండిక ఉంది. దాని ప్రధాన వరస వింటే ‘బేసమె మూచో’ మొదటి పాదం తలుపు తట్టినట్టు ఉంటుంది. శాస్త్రీయ పియానిస్టుకు అది చేతివేళ్లలో ఉండే రచన. మరి కాపీయా? నేను ఆ మాట అనను. గ్రనాదోస్ వరస మెలికలు తిరుగుతూ, ఆగుతూ, పియానో మీద నిట్టూరుస్తుంది. ఆమె దాని మొదటి వంపు ఒక్కటి తీసుకుని, మనిషి నోట్లో పట్టేంత చిన్నది చేసింది. మన వాళ్లు ఒక రాగంలోని ఒక సంచారం మీద సినిమా పల్లవి కట్టినట్టే. మరో సంగతి, ఆ రచనల ఆధారంగా తయారైన ఒపెరా 1916లో న్యూయార్క్‌లో మొదటిసారి ఆడింది. అది చూసుకుని ఇంటికి తిరిగి వస్తూ గ్రనాదోస్ ఓడ మీద జరిగిన టార్పెడో దాడిలో భార్యతో సహా పోయాడు. దానికీ ఈ పాటకూ సంబంధం లేదు గానీ, “ఈ రాత్రే చివరిదన్నట్టు” అనే మాట పాడినప్పుడల్లా నాకు ఆయన గుర్తొస్తాడు.

మాటలు చూద్దాం. ‘బేసమె’ అంటే నన్ను ముద్దాడు. ‘మూచో’ అంటే బాగా, ఎక్కువగా. ఊనిక ‘బే’ మీద. మన బ్యాండ్లలో చాలామంది ‘బెసామె’ అని మధ్య అక్షరాన్ని సాగదీస్తారు. స్పానిష్ వాళ్ల చెవికి అది గుచ్చుకుంటుంది. భావం నాలుగు వాక్యాల్లో అయిపోతుంది. ఈ రాత్రే చివరిదన్నట్టు ముద్దాడు, తర్వాత నిన్ను పోగొట్టుకుంటానేమో అని భయంగా ఉంది. నిన్ను దగ్గరగా ఉంచుకోవాలి, నీ కళ్లలో నన్ను చూసుకోవాలి. ఎవరికి తెలుసు, రేపు ఈపాటికి నేను నీకు చాలా దూరంలో ఉంటానేమో.

చివరి వాక్యం మళ్లీ చదవండి. దూరం పోయేది నువ్వు కాదు, నేను. అడుగుతున్న మనిషే వెళ్లిపోబోతున్నాడు. సన్నీ స్కైలర్ ఇంగ్లీషు మాటలు రాసినప్పుడు దీన్ని తిప్పేశాడు. అక్కడ వదిలి వెళ్లేది అవతలి మనిషి. చివరి రాత్రి అన్న మాట కూడా పోయి, దివ్య సంగీతం, కలలు వచ్చాయి. ఇంగ్లీషు పాట బాగానే ఉంటుంది, కానీ పాటలోని ముల్లు తీసేసి ఇచ్చినట్టు ఉంటుంది. ఇద్దరు ముగ్గురు గాయకులు నన్ను ఏ భాషలో పాడమంటారని అడిగారు. స్పానిష్ రాకపోయినా స్పానిష్‌లోనే పాడండి అన్నాను.

మాటల్లో ఇంకో సుఖం ఉంది. పాడేది ఆడో మగో మాటల్లో ఎక్కడా తెలియదు. స్పానిష్‌లో విశేషణాలకు స్త్రీ పురుష భేదం ఉంటుంది, అయినా ఈ పాటలో అలాంటి మాట ఒక్కటీ పడలేదు. హిందీలో అయితే ‘వెళ్తాను’ అనగానే ఎవరో తెలిసిపోతుంది. మన తెలుగులో ‘నేను వెళ్తాను, నువ్వు వస్తావు’ అంటే ఎవరైనా కావచ్చు, కాబట్టి ఈ సౌకర్యం విలువ మనకు బాగా అర్థమవుతుంది. ఆడవాళ్లు పాడినా మగవాళ్లు పాడినా ఒక్క అక్షరం మార్చక్కర్లేదు. పాట ఇన్ని గొంతుల్లోకి వెళ్లడానికి ఇది చిన్న కారణమే కావచ్చు, కానీ కారణమే.

సరే, కార్డ్స్. మీరు ఎ మైనర్‌లో మొదలుపెట్టండి, తెల్ల మెట్ల మీద తేలిక. మన లెక్కలో ‘ఎ’ని షడ్జమం అనుకోండి. అప్పుడు ఎ మైనర్, డి మైనర్, ఈ సెవెన్ అనే మూడు కార్డ్స్‌లో ఉన్న స్వరాలు కలిపితే వచ్చేది అచ్చంగా కీరవాణి రాగం. సాధారణ గాంధారం, శుద్ధ మధ్యమం, శుద్ధ ధైవతం, కాకలి నిషాదం, అన్నీ ఉన్నాయి. మీకు భాష తెలియకపోయినా పాట పరాయిగా అనిపించకపోవడానికి సగం కారణం ఇదేనని నా అనుమానం. కీరవాణి వినివిని పెరిగిన చెవులు మనవి.

మిగతా సగం కారణం, కీరవాణిలోంచి పాట రెండు చోట్ల బయటికి కాలు పెట్టడం. ఎక్కువమంది వాయించే పద్ధతి చెబుతాను. మొదటి ‘బేసమె’ ఎ మైనర్ మీద. ‘బేసమె మూచో’ అనేసరికి డి మైనర్‌కు వెళ్తుంది. చివరి రాత్రి అన్న పాదం డి మైనర్ మీద నడిచి ఈ సెవెన్ మీదుగా ఎ మైనర్‌కు ఇంటికి వస్తుంది. ఇంతవరకు మామూలే. ఇప్పుడు రెండోసారి ‘బేసమె’. మాట అదే, మూడక్షరాలే. కానీ కింద ఎ మైనర్ బదులు ఎ సెవెన్ వస్తుంది. అంటే ‘సి’ స్వరం ‘సి షార్ప్’ అవుతుంది. మన భాషలో సాధారణ గాంధారం ఉండాల్సిన చోట అంతర గాంధారం. ఒక్క మెట్టు, అదీ అరమెట్టు. ఎ మైనర్ ఇల్లు, అక్కడ కూర్చోవచ్చు. ఎ సెవెన్ మీద కూర్చోలేరు, అది డి మైనర్ వైపు ఒరిగి ఉంటుంది, తోస్తుంది. మొదటి ‘బేసమె’ నిలబడి అడిగినది. రెండోది కాళ్ల కింద నేల వాలిపోతుండగా అడిగినది. ఆ వెంటనే వచ్చే మాటలేమిటో గుర్తు తెచ్చుకోండి: నిన్ను పోగొట్టుకుంటానని భయం. మాట భయం అని చెప్పకముందే కార్డ్ చెప్పేసింది.

దీన్ని పరీక్షించుకోవాలంటే రెండోసారి కూడా ఎ మైనరే వాయించి చూడండి. తప్పు అనిపించదు. చప్పగా ఉంటుంది, అంతే. మీకు దొరికిన కార్డ్స్ కాగితంలో నాలుగే ఉంటే ఇది ఎగిరిపోయి ఉంటుందని నా అంచనా.

రెండో అడుగు మధ్య భాగంలో. దాన్ని మన చరణం అనుకోండి. ఇది ఇంటి దగ్గర మొదలవదు, డి మైనర్ దగ్గర మొదలై ఎ మైనర్‌కు దిగుతుంది. మళ్లీ ఈ సెవెన్, ఎ మైనర్. మళ్లీ డి మైనర్, ఎ మైనర్. దగ్గరగా ఉండాలన్న మాటలకు తగ్గట్టు ఊయల ఊగినట్టు ఉంటుంది. ఆఖర్లో, రేపు నేను నీకు దూరం, చాలా దూరం అనే చోట బి సెవెన్ వస్తుంది. అందులో ‘డి షార్ప్’ ఉంది, అంటే ప్రతి మధ్యమం. కీరవాణికి అదీ పరాయి స్వరమే. అక్కణ్నుంచి ఈ సెవెన్ మీదకు వచ్చి ఆగిపోతుంది. ఇంటికి చేరకుండా గుమ్మంలో ఆగిపోవడం అది. ‘దూరం’ అన్న మాట తేలకుండా గాల్లో ఉండిపోయింది. దాన్ని తేల్చే ఎ మైనర్ ఎక్కడ వస్తుంది? తిరిగి పల్లవిలో, ‘బేసమె’ అన్న మాట కింద. దూరమవుతానేమో అన్నదానికి సంగీతం ఇచ్చే ఒకే ఒక్క జవాబు, ముద్దు పెట్టు అనడం. చదువుకున్న పియానిస్టు చేసిన పని ఇది. చూడ్డానికి నాలుగు కార్డ్స్ పాట.

పోలిక కోసం ఇంకో బొలెరో చూడండి. క్యూబాకు చెందిన ఓస్వాల్దో ఫర్రేస్ 1947లో కట్టిన ‘కిసాస్, కిసాస్, కిసాస్’. ‘ఏమో, ఏమో, ఏమో’ అని అర్థం. ఎన్నిసార్లు అడిగినా అవతలి మనిషి చెప్పే జవాబది. అదీ మైనర్‌లోనే మొదలవుతుంది, కానీ మధ్య భాగంలో అదే షడ్జమం మీద మేజర్‌కు తిరుగుతుంది. మబ్బు విడిచి ఎండ కాసినట్టు ఉంటుంది, కాస్త వెక్కిరింపు కూడా వినిపిస్తుంది. పేపే సాంచెస్ కాలం నుంచీ ఇలా ఒక భాగం మైనర్, ఒక భాగం మేజర్‌గా కట్టడం బొలెరోలో అలవాటే. ‘బేసమె మూచో’ ఆ ఎండను ఒక్కసారి కూడా రానివ్వదు. మొదటి నుంచి చివరి దాకా మైనర్‌లోనే ఉంటుంది. ఇదే దాని మొండితనం.

పాట లోకమంతా తిరగడానికి కాలం కూడా కలిసొచ్చింది. అది రెండో ప్రపంచ యుద్ధ కాలం. ఓడ ఎక్కబోతున్న కుర్రాళ్లు, రేవులో నిలబడ్డ అమ్మాయిలు. ఈ రాత్రే చివరిదేమో అనే మాట వాళ్లకు కవిత్వం కాదు, క్యాలెండర్. 1944లో జిమ్మీ డోర్సీ ఆర్కెస్ట్రా రికార్డు అమెరికాలో మొదటి స్థానానికి వెళ్లింది. అదే ఏడాది న్యూయార్క్‌లో ఇద్దరు మెక్సికన్లు, ఒక పోర్టోరికన్ కలిసి ట్రియో లోస్ పాంచోస్ మొదలుపెట్టారు. మూడు గిటార్లు, మూడు గొంతులు. వాళ్లలో అల్ఫ్రెదో హిల్ వాయించిన ‘రెకింతో’ అనే చిన్న గిటార్, మామూలు దానికన్నా నాలుగో స్వరం ఎత్తున శ్రుతి చేసినది, బొలెరోకు కొత్త ధ్వని తెచ్చింది. పాట మొదట్లో, మధ్యలో సన్నగా ముత్యాలు జారినట్టు వినిపించేది అదే. మీరు కీబోర్డులో నైలాన్ గిటార్ టోన్ పెట్టి పై సప్తకంలో వాయిస్తే దాని ఛాయ కొంత వస్తుంది.

తర్వాతి కథ అందరికీ తెలిసిందే, త్వరగా చెప్పేస్తాను. చిలీ గాయకుడు లూచో గతీకా, నాట్ కింగ్ కోల్, కేప్ వెర్దే నుంచి సెసారియా ఎవోరా, అందరూ పాడారు. 1962 జనవరి 1న లండన్‌లో డెక్కా కంపెనీకి ఆడిషన్ ఇచ్చిన బీటిల్స్ జాబితాలో కూడా ఈ పాట ఉంది. పాల్ మెకార్ట్‌నీ పాడాడు. ఆ ఆడిషన్‌లో వాళ్లను తీసుకోలేదు. నిజం చెప్పాలంటే ఆ పాట వరకు నాకూ నచ్చదు. ఉరుకులు పరుగుల మీద ఉంటుంది, రెండో దెబ్బలో ఊపిరి లేదు. 2023 డిసెంబరులో క్యూబా, మెక్సికో కలిసి కోరగా యునెస్కో బొలెరోను మానవజాతి అమూర్త వారసత్వ జాబితాలో చేర్చింది. వియత్నాంలో కూడా దశాబ్దాలుగా ‘బొలెరో’ పేరుతో ఒక పెద్ద పాటల సంప్రదాయం ఉందంటే ఈ నడక ఎంత దూరం వెళ్లిందో చూడండి.

ఇదంతా అతి సెంటిమెంట్ అని తీసిపారేసే మిత్రులు నాకు ఉన్నారు. వాళ్లను పూర్తిగా తప్పు పట్టను. వయొలిన్లు పొంగించి, ప్రతి మాటకూ గొంతు వణికించి పాడితే ఈ పాట చక్కెర పాకం అవుతుంది. రిసెప్షన్లలో నేనే చాలాసార్లు అలా వాయించాను, అడిగినవాళ్లు డబ్బులిచ్చారు కాబట్టి. కానీ పాట తప్పు కాదది. కార్డ్స్ భయాన్ని మోస్తున్నప్పుడు గొంతు కూడా భయపడితే రెండుసార్లు చెప్పినట్టవుతుంది. గొంతు మామూలుగా, దాదాపు మాట్లాడుతున్నట్టు ఉండాలి.

మీ సాధనకు నేనైతే ఇలా చేయమంటాను. మొదటి వారం కుడి చెయ్యి ముట్టుకోకండి. మెట్రొనోమ్ నెమ్మదిగా పెట్టి ఎడమ చేత్తో ఒకటి, మూడు, నాలుగు. కార్డ్ మారినప్పుడు కూడా రెండో దెబ్బ మీద వేలు పడకూడదు. మీ వేలు పడుతుంది, నాదీ పడింది. పడినప్పుడల్లా మొదటికి రండి. తర్వాత ఎడమ చెయ్యి అలాగే నడుస్తుండగా నోటితో పాడండి. స్పానిష్ రాకపోతే ‘లా లా’ అనుకోండి. మాటను దెబ్బ దాటాక మొదలుపెట్టి, చివరికి కలుసుకోండి. మొదట్లో చెయ్యి కూడా గొంతుతో పాటు ఆగిపోతుంది. ఆగకుండా ఉండటమే ఇక్కడి విద్య. అది కుదిరాక కుడి చేతికి మెలొడీ ఇవ్వండి. ఎ సెవెన్ వచ్చే చోట ‘సి షార్ప్’ను మిగతా స్వరాల కన్నా కాస్త గట్టిగా నొక్కి చూడండి. నాలుగు రోజుల తర్వాత మామూలుగా నొక్కండి. చెవి దాన్ని తనే వెతుక్కుంటుంది.

ఏది వినాలని కూడా అడిగారు. ముందు లూచో గతీకా, స్పానిష్ ఉచ్చారణ కోసం, గొంతు ఎంత తక్కువ పని చేస్తే చాలో తెలుసుకోవడం కోసం. తర్వాత లోస్ పాంచోస్, రెకింతో కోసం. ఆఖరున బ్రెజిల్ గాయకుడు జోవావ్ జిల్బెర్తో 1977 నాటి ‘అమొరోసో’ ఆల్బమ్‌లో పాడినది. అది బొలెరోగా కాదు, బ్రెజిల్‌లో పుట్టిన బోసా నోవా పద్ధతిలో ఉంటుంది. బోంగో లేదు, మరకాస్ లేదు, ఒక గిటార్, వెనక మెత్తగా తీగవాద్యాలు. చెవి పక్కన కూర్చుని తనలో తను అనుకుంటున్నట్టు పాడతాడు. హెడ్‌ఫోన్స్ పెట్టుకుని, కళ్లు మూసుకుని, రెండో ‘బేసమె’ దగ్గర కింద ఏం మారిందో మీ చెవితో పట్టుకోండి. పట్టుకున్నాక వచ్చి ఇక్కడే రాయండి, డి మైనర్‌లో ఎలా వాయించాలో అప్పుడు చెబుతాను.